నలభై కాళ్ల చిప్

1980లో ఇంటెల్ తెచ్చిన 8051 మైక్రోకంట్రోలర్ చిప్ అంటే నాకు ఇప్పటికీ గౌరవమే. నలభై కాళ్లు, 128 బైట్ల ర్యామ్. ఇచ్చోడలో మిద్దె మీది ట్యాంకు నిండగానే రిలేతో మోటారు ఆపే పెట్టె తయారుచేయడానికి అది చాలు, ఇంకా మిగులుతుంది.

దాని పక్కన పెట్టే 11.0592 మెగాహెర్ట్జ్ క్రిస్టల్ సంగతి చూడండి. ఆ సంఖ్యను 12తో, 32తో, మళ్లీ 3తో భాగిస్తే సరిగ్గా 9600 వస్తుంది. కంప్యూటర్‌తో 9600 బాడ్ వేగంలో సీరియల్ మాటలు తప్పుల్లేకుండా సాగేది అందుకే. 12 మెగాహెర్ట్జ్‌ది పెడితే అదే వేగంలో అక్షరాలు చెడిపోతాయి.

ఎల్ఈడీని ఐదు వోల్టుల నుంచి రెసిస్టర్ గుండా పిన్నుకు కలపాలి. ఈ చిప్ కరెంటు ఇవ్వడంలో పిసినారి, గుంజుకోవడంలో దిట్ట. ఇలాంటి కిటుకులు సోల్డరింగ్ ఐరన్ పట్టిన చేతికే ఒంటబడతాయి.

ఆర్డుయినో బోర్డు కూడా మంచిదే, కానీ లోపలి పని చాలా దాచేస్తుంది. పాలిటెక్నిక్ పిల్లలారా, ముందు 8051తో ఒక్క పెట్టె చేసి చూడండి.