ఆరిన దీపం వాసన

వాసన తెలియడం లేదని నేరుగా చెప్పి మా చెవి-ముక్కు-గొంతు ఓపీకి వచ్చేవాళ్లు తక్కువ. "నోటికి రుచి తెలియడం లేదండి" అంటారు. "ఈమధ్య మా ఆవిడ వంట దేనికీ పనికిరాకుండా పోతోంది" అనేవాళ్లూ ఉన్నారు, అదీ ఆవిడ పక్కనే కూర్చుని ఉండగా. నాలుక మీద చిటికెడు పంచదార, చిటికెడు ఉప్పు వేసి చూస్తే రెండూ సరిగ్గానే చెబుతారు. నాలుకకు తెలిసేవి తీపి, పులుపు, ఉప్పు, చేదు, ఇంకొకటో రెండో, అంతే. పప్పులో ఇంగువ కమ్మదనం, కొత్తావకాయలో నువ్వుల నూనె, చారులో కొత్తిమీర, ఇవన్నీ నములుతున్నప్పుడు గొంతు వెనక నుంచి ముక్కులోకి ఎక్కే వాసనలు. ముక్కు పోతే గోంగూర ఒట్టి పులుపు. నేరం మాత్రం వంట చేసిన మనిషి మీద పడుతుంది.

మెదడు నుంచి బయల్దేరే పన్నెండు జతల నరాల పేర్లు వైద్య విద్యార్థులందరూ బట్టీ పడతారు. వాటిలో మొదటిది వాసన నరం. తీరా ఆసుపత్రి కేసు షీట్లు తిరగేస్తే "రెండు నుంచి పన్నెండు దాకా నరాలు మామూలుగా ఉన్నాయి" అన్న వాక్యమే ఎక్కువగా కనిపిస్తుంది. ఒకటో నరం సంగతి ఎవరూ రాయరు. కంట్లో వేయడానికి టార్చి ఉంది, మోకాలికి సుత్తి ఉంది. ముక్కు కోసం జేబులో ఏమీ ఉండదు కాబట్టి దాన్ని దాటేసి వెళ్లిపోతారు. దీన్ని బద్ధకమనే అంటాను.

నా బల్ల సొరుగులో హోమియో షాపుల్లో దొరికే ముదురు రంగు చిన్న సీసాలు కొన్ని ఉంటాయి. ఒకదాంట్లో ఇంగువ, ఒకదాంట్లో కాఫీ పొడి, మిగతావాటిలో లవంగాలు, నిమ్మతొక్క, ఒంటిసబ్బు తురుము. కొనుక్కునే పరీక్షలు లేకపోలేదు. పెన్సిల్వేనియా విశ్వవిద్యాలయంలో రిచర్డ్ డోటీ 1984లో తయారుచేసిన గీకి వాసన చూసే పుస్తకం ప్రపంచమంతటా వాడుకలో ఉంది. అందులో నలభై వాసనలు. గుమ్మడికాయ పై, రూట్ బీరు, డిల్ పికిల్ లాంటివి వాటిలో ఉన్నాయి. మా ఊరి పెద్దాయనకు రూట్ బీరు వాసన చూపించి, గుర్తుపట్టలేదు కాబట్టి నరం చచ్చిందని రాయడం అన్యాయం కదా. అలాగని మన వాసనలూ శాశ్వతమేం కాదు. ఇదివరకు కిరసనాయిలు సీసా ఒకటి ఉండేది. ఇప్పటి పిల్లలకు దాని పేరే తెలియడం లేదని తీసేశాను.

కళ్లు మూసుకోమంటాను. ఒక ముక్కుపుటం వేలితో నొక్కి పెట్టి, రెండో దాని కింద సీసా మూత తీస్తాను. మొదటి ప్రశ్న, ఏమైనా వస్తోందా? రెండోది, ఏమిటది? రెండూ వేరు వేరు సంగతులు. ముక్కు నుంచి మెదడుకు దారి తెగినవాళ్లకు మొదటి ప్రశ్న దగ్గరే జవాబు ఉండదు. కొందరు మాత్రం "ఏదో ఉందండి, ఇంట్లో రోజూ ఉండేదే..." అని అక్కడే ఆగిపోతారు. వాసన తగులుతోంది, పేరు దొరకడం లేదు. మతిమరుపు జబ్బు మొదలయ్యేటప్పుడు, ముఖ్యంగా అల్జైమర్స్‌లో, ఈ పేరు దొరకకపోవడం ముందుగానే కనిపించవచ్చు. పుటానికి పుటం విడిగా చూడటానికీ కారణం ఉంది. వాసన నరం పక్కన మెదడు పొరల్లో నెమ్మదిగా పెరిగే గడ్డ ఒకటుంది, మెనింజియోమా అంటారు. అది ఒక వైపే నొక్కుతున్నంత కాలం రెండో వైపు అంతా సర్దేస్తుంది. మనిషికి తేడా తెలియనే తెలియదు.

"అమృతాంజనం వాసన బాగానే తెలుస్తోందండి" అని ఎదురు చెప్పేవాళ్లు తరచూ తగులుతారు. దేశోద్ధారక కాశీనాథుని నాగేశ్వరరావు పంతులు 1893లో మొదలుపెట్టిన ఆ పసుపు డబ్బా మీద నాకూ గౌరవమే గానీ, వాసన పరీక్షకు అది పనికిరాదు. ఆ చల్లదనం, ఆ మంట తెలిసేది ముఖానికి స్పర్శనిచ్చే అయిదో నరం వల్ల. మిరపకాయల ఘాటుకు తుమ్మడం, అమ్మోనియాకు తల వెనక్కి లాక్కోవడం కూడా దాని పనే. ప్రమాదంలో వాసన పోయిందంటూ నష్టపరిహారం కేసు వేసినవాళ్లు సర్టిఫికెట్టు కోసం వస్తుంటారు. వాళ్లకు కాఫీ, లవంగం తర్వాత అమ్మోనియా పెడతాం. ముక్కు నిజంగా పోయినవాడు కూడా దానికి ఉలిక్కిపడతాడు. "ఇదీ తెలియడం లేదు" అని కదలకుండా కూర్చున్నవాడి మాట కొంచెం ఆలోచించి నమ్మాలి.

నిజంగా పోయినవాళ్లు మాత్రం చాలామందే. మోటారు సైకిలు మీంచి వెల్లకిలా పడి తల వెనకభాగం రోడ్డుకు కొట్టుకుందంటే నేను ముక్కు గురించి అడుగుతాను. దెబ్బ వెనక తగిలితే మెదడు ముందుకు ఊగుతుంది. ముక్కు పైకప్పులో ఉండే జల్లెడ ఎముక చిల్లుల గుండా సన్నటి పోగుల్లా పైకి వెళ్లే వాసన నరాలు అక్కడే పుటుక్కున తెగుతాయి. స్కానింగులో ఏమీ లేదని ఇంటికి పంపేస్తారు. నెల తిరిగాక అతను వచ్చి కూర వాసన రావడం లేదంటాడు. ఇవి మళ్లీ అతుక్కునే అవకాశం తక్కువ. జలుబు, సైనస్, ముక్కులో కండ పెరగడం లాంటి వాటికి మందో ఆపరేషనో ఉంది, వాటి గురించి ఇక్కడ సాగదీయను.

ముక్కు లోపలి పొరలు ఎండి, పక్కులు కట్టి, మనిషి దగ్గరికి వస్తేనే దుర్వాసన కొట్టే జబ్బు ఒకటుంది. పాతవాళ్లు పీనసం అనేవారు. ఎక్కువగా వయసులో ఉన్న ఆడపిల్లలకు వస్తుంది. ఇంటిల్లిపాదీ ముక్కు మూసుకుంటారు, ఆ పిల్లకు మాత్రం తన వాసన తనకు తెలియదు, ఎందుకంటే వాసన పట్టే పొర కూడా అందులోనే పోయి ఉంటుంది. మా పుస్తకాల్లో దీనికి 'దయగల వాసనలేమి' అన్న అర్థం వచ్చే పేరు పెట్టారు. ఆ మాట రాసినవాళ్లు అలాంటి పిల్లను పెళ్లిచూపుల తర్వాత చూసి ఉండరు.

ఇంకో రకం కేసు, పద్దెనిమిదేళ్లు వచ్చినా గొంతు మారలేదని, మీసం రాలేదని అబ్బాయిని తీసుకొస్తారు, మా దగ్గరికి కాదు, హార్మోన్ల డాక్టరు దగ్గరికి. అక్కడ అడగాల్సిన ప్రశ్న, "బాబూ, నీకు వాసనలు తెలుస్తాయా?" యవ్వనాన్ని మొదలుపెట్టే నాడీకణాలు గర్భస్థ శిశువు ముక్కులో పుట్టి, వాసన నరం దారి పట్టుకుని మెదడుకు నడిచి వెళతాయి. ఆ దారి పడకపోతే వాసనా ఉండదు, మీసమూ రాదు. 1944లో ఫ్రాంజ్ కాల్‌మన్ వివరించిన జబ్బు ఇది. పుట్టినప్పటి నుంచీ వాసన ఎరగని కుర్రాడు లోటు చెప్పడు. అందరూ మాటవరసకు ముక్కు మూసుకుంటారనుకుంటాడు.

ఇన్నేళ్లూ ఎవరికీ పట్టని ఈ సంగతి 2020లో వీధిన పడింది. జూన్‌లో మన కేంద్ర ఆరోగ్యశాఖ కోవిడ్ లక్షణాల జాబితాలో వాసన, రుచి పోవడాన్ని చేర్చింది. పొద్దున్నే కాఫీ డబ్బా మూత తీసి ముక్కు పెట్టి చూసుకోని ఇల్లు లేదు. వైరస్ నేరుగా వాసన నరాన్ని చంపుతుందని మొదట భయపడ్డాం. అది పట్టుకునేది ఆ నరకణాలకు అండగా ఉండే పక్క కణాలనని తర్వాత తేలింది. అందుకే చాలామందికి కొన్ని వారాల్లో తిరిగొచ్చింది. కొందరికి మాత్రం తప్పుదారిన వచ్చింది. ఉల్లిపాయ పోపు కుళ్లు కంపు, కాఫీ కాలిన రబ్బరు. ఒక ఇంట్లో అందరూ లొట్టలేసుకుంటూ తింటుంటే కోడలు డోకుతూ పెరట్లోకి పరుగెత్తింది. నెల తప్పిందనుకుని అత్తగారు సంబరపడిన ఇల్లు కూడా నాకు తెలుసు.

రిటైరైన తెలుగు మాస్టారొకాయన భార్యతో వచ్చారు. "అన్నం సయించడం లేదండి ఈయనకు" అందావిడ. ముక్కులోకి ఎండోస్కోపు పెట్టి చూస్తే అద్దంలా ఉంది, అడ్డం ఏమీ లేదు. ఇంగువ సీసాకు కూడా ఆయన ముఖంలో కదలిక లేదు. ఎప్పటి నుంచని అడిగితే తెలియదన్నారు. ఆవిడే గుర్తుచేసుకుంది. కొన్నేళ్ల కిందట పాలు పొంగి, మాడి, గిన్నె నల్లబడి, వీధి చివరి వరకు వాసన కొడుతుంటే ఈయన పక్క గదిలో పేపరు చదువుకుంటూ కూర్చున్నారట. ఆ రోజు బాగా చివాట్లు పెట్టిందట. సంతకం కోసం కాగితం ఇచ్చాను. మొదటి అక్షరం మామూలుగా ఉంది, చివరికొచ్చేసరికి చీమ తలకాయంత అయింది. తలుపు దాకా నడిచినప్పుడు కుడిచెయ్యి ఊగుతోంది, ఎడమది ఊగడం లేదు. నాడీవైద్యుడికి చీటీ రాసిచ్చాను. పార్కిన్సన్స్ అని తేలింది.

ఆ జబ్బున్న చాలామందికి వణుకు కంటే ఏళ్ల ముందే వాసన మందగిస్తుంది. 2003లో జర్మనీకి చెందిన హైకో బ్రాక్, మెదడులో ఆ జబ్బు మొదట కనిపించే చోట్లలో వాసన నరం చేరే గుబ్బ ఒకటని చూపించారు. అలాగని వాసన తగ్గిన ప్రతివాళ్లకూ పార్కిన్సన్స్ రాదు. ఎనభై దాటినవాళ్లలో నూటికి డెబ్బై అయిదు మందికి ముక్కు మందగించి ఉంటుందని డోటీ లెక్కే చెబుతోంది. వేరుశనగ వెన్న వాసన చూపించి అల్జైమర్స్ పట్టేయొచ్చని 2013లో ఫ్లోరిడా నుంచి ఓ చిన్న పరిశోధన వచ్చింది. మరో బృందం చేసి చూస్తే ఆ తేడా కనబడలేదు. వాట్సాప్‌లో మాత్రం మొదటిదే తిరుగుతోంది.

హితోపదేశంలో ఒక మాట ఉంది. ఆయువు మూడినవాళ్లు ఆర్పిన దీపం వాసన పట్టలేరు, స్నేహితుల మాట వినరు, అరుంధతీ నక్షత్రాన్ని చూడలేరని. చిన్నప్పుడు అది నీతిశ్లోకం అనుకున్నాను. 2014లో షికాగో విశ్వవిద్యాలయానికి చెందిన జయంత్ పింటో బృందం తమ ఫలితాలు ప్రచురించింది. 57 నుంచి 85 ఏళ్ల మధ్యవాళ్లు మూడు వేల మందికి గులాబీ, తోలు, చేప, నారింజ, పెప్పర్‌మింట్ వాసనలు చూపించి, అయిదేళ్ల తర్వాత ఎవరున్నారో లెక్కపెట్టారు. వాసన బాగున్నవాళ్లలో నూటికి పది మంది, బొత్తిగా పోయినవాళ్లలో 39 మంది చనిపోయారు. వాసన పోవడం వల్ల పోలేదు. లోపల కణాలు తమను తాము బాగుచేసుకునే శక్తి తగ్గుతోందని ముక్కు ముందుగా చెప్పి ఉంటుందని వాళ్ల ఊహ. వాసన నరకణాలు జీవితాంతం పాతవి పోయి కొత్తవి పుడుతూనే ఉంటాయి మరి. ఈ సంగతి నేను పేషెంట్లకు చెప్పను. పత్రికలో రాయడం వేరు, ఎదురుగా కూర్చున్న మనిషికి చెప్పడం వేరు.

వాళ్లకు చెప్పేవి వేరే ఉన్నాయి. వైరస్ వల్ల పోయినవాళ్లకు డ్రెస్డెన్‌లో థామస్ హుమ్మెల్ 2009లో చూపించిన సాధన పనికొస్తుంది. గులాబీ, లవంగం, నిమ్మ, నీలగిరి తైలం పూటకోసారి, కనీసం పన్నెండు వారాలు, ఏది చూస్తున్నామో మనసులో తలచుకుంటూ పీల్చాలి. ఇక తిరిగిరాదని తేలినవాళ్లకు వంటగ్యాసు గురించి చెబుతాను. దానికి సొంత వాసన లేదు, మనం పట్టాలని మెర్కాప్టాన్ కలుపుతారు. మీ ఇంట్లో అది కలిపినా కలపనట్టే, గ్యాసు లీకైతే మోగే అలారం గోడకు పెట్టించండి. నిన్నటి పప్పు పాడైందో లేదో మీరు తేల్చకండి, ఇంట్లో ఇంకెవరినైనా చూడమనండి.

ఇదంతా విన్న ఒక ముసలమ్మ నవ్వింది. "దానికి మా కోడలుంది బాబూ. నేనేం వండినా దానికి ఏదో ఓ వాసన వస్తూనే ఉంటుంది."