మాట నేర్చిన నటుడు, మాటలేని పాత్ర

ఒక నటుడి జీవితాన్ని పురస్కారాల వరుసగా కుదించడం ఎంత అన్యాయమో, మెక్సికన్ నటుడు ఇగ్నాసియో లోపెజ్ తార్సో గురించి ఈ వారం కంటబడిన ఒక వ్యాసం మరోసారి చూపింది. 1925లో మెక్సికో నగరంలో పుట్టి, 2023 మార్చిలో 98 ఏళ్ళ వయసులో కన్నుమూసిన ఆయన, తొంభై దాటాక కూడా నాటకాలాడుతూనే ఉన్నారు. అటువంటి వ్యక్తి గురించి రాస్తూ ఏ ఏట ఏ బహుమతి వచ్చిందో చెప్పి ఊరుకోవడం విచారకరం.

పైగా ఆ పట్టిక నమ్మదగినదీ కాదు. మెక్సికో సినిమాకు జాతీయ గౌరవమైన ఆరియెల్ పురస్కారాలు 1958 తరువాత ఆగిపోయి 1972లోగాని మళ్ళీ మొదలుకాలేదు గనుక, ఆయన పేరును ప్రపంచానికి తెలిపిన ‘మకారియో’ (1960)కు స్వదేశంలో ఆ గౌరవం దక్కే అవకాశమే లేకపోయింది. తన భూమిని విదేశీ చమురు కంపెనీకి అమ్మడానికి నిరాకరించే రైతుగా ఆయన నటించిన ‘రోసా బ్లాంకా’ 1961లోనే తయారైనా, ప్రభుత్వం దాన్ని సుమారు పదేళ్ళు తొక్కిపట్టింది. అందువల్ల ఆ నటనకు ఆరియెల్ 1973లో వచ్చింది.

ఆ పట్టికలో చోటు దొరకని విషయాలే ఆయనను నటుణ్ణి చేశాయి. యౌవనంలో మతగురువు కావాలని సెమినరీలో చదివి, ఆ దారి విడిచి, ‘బ్రసేరో’గా, అంటే ఒప్పందంపై అమెరికా పొలాలకు వెళ్ళే మెక్సికన్ కూలీగా, కాలిఫోర్నియా చేరిన ఆయన నారింజ చెట్టు మీదినుంచి పడి వెన్ను దెబ్బతిని మంచం పట్టారు. ఆ మంచం మీదే కవి హవియెర్ విల్యావురూతియా రాసిన, మృత్యువే ప్రధాన వస్తువైన కవితా సంపుటిని చదివి, ఆ కవి బెయాస్ ఆర్తెస్ అకాడమీలో నటన బోధిస్తున్నారని తెలుసుకుని, కోలుకున్నాక ఆయన శిష్యుడయ్యారు. ఒక కవి దగ్గర నటన నేర్చుకోవడమంటే ముందుగా పలకడం నేర్చుకోవడమే. కథను పాటగా చెప్పే మెక్సికన్ జానపద ప్రక్రియ ‘కొరీదో’ను తార్సో పాడకుండా పఠిస్తూ చేసిన రికార్డులు ఆయనకు సినిమాతో సమానంగా పేరు తెచ్చాయి.

నాట్యశాస్త్రం చెప్పిన నాలుగు అభినయాలలో వాచికమే, అంటే మాట ద్వారా చేసే అభినయమే, తక్కినవాటికి ఆధారమని, గొంతు సాధన లేని నటన నిలవదని ఈ శీర్షిక ఎన్నోసార్లు వాదించిన సంగతి పాఠకులకు తెలుసు. తార్సో జీవితం ఆ వాదనకు సాక్ష్యంలా కనిపిస్తుంది. అయితే శాన్ ఫ్రాన్సిస్కో చలనచిత్రోత్సవం ఆయనను ఉత్తమ నటుడిగా గౌరవించింది ‘మకారియో’లోని మితభాషి కట్టెలమ్మేవాడి పాత్రకు, ‘కాగితపు మనిషి’ (1963)లోని మూగవాడి పాత్రకు.

రొబెర్తో గవాల్దోన్ తీసిన ‘మకారియో’లో ఆకలి మాటల్లో లేదు. తన వంతు చిక్కుళ్ళను పిల్లల ముందుకు జరిపే చేతిలో ఉంది, ఎన్నాళ్ళకో దొరికిన టర్కీ కోడిని అడవిలో ఒంటరిగా తినబోతూ దెయ్యానికీ దేవుడికీ కాదనే మొండితనంలో ఉంది. మృత్యువుకు మాత్రం అతడు సగం పెడతాడు. మృత్యువు తింటున్నంతసేపైనా తనకూ తినే వ్యవధి దొరుకుతుందన్నది అతడి లెక్క. ఆ లెక్క పైకి చెప్పక ముందే ముఖంలో తెలిసిపోతుంది.

‘కాగితపు మనిషి’ మరింత కఠినమైన పరీక్ష. చెత్త ఏరుకునే మూగవాడైన ఆదాన్‌కు పదివేల పెసోల నోటు దొరుకుతుంది. బిడ్డ కావాలన్న కోరికతో అతడు, పెదవి కదపకుండా బొమ్మతో మాట్లాడించే కళాకారుడి మాయకు లోబడి, బొమ్మే మాట్లాడుతోందని నమ్మి దాన్ని కొంటాడు. మూగవాడు మాట్లాడని బొమ్మ ముందు కూర్చుని మాట కోసం ఎదురుచూడటాన్ని తార్సో కేవలం శ్వాసతో, చూపుతో నిలబెట్టారు. విల్యావురూతియా దగ్గర పొందిన శిక్షణ ఇక్కడా పనిచేసింది, కాని ఉచ్చారణగా కాదు. ఎదుటి గొంతు ఎప్పుడు మొదలవుతుందో వినగల చెవిగా పనిచేసింది. అందుచేత నటనకు ఆధారం పలకడమన్న పాత వాదన కంటే, వినడమన్న వాదనకే ఈ చిత్రం ఎక్కువ బలాన్నిస్తుంది.