గుమస్తాకు పెట్టిన పేరు

మంగళవారం పొద్దున పేపరు తెరవగానే మొదటి పేజీలో మళ్లీ అదే మాట. చాణక్యం. ఒక పార్టీ గుర్తు మీద గెలిచిన నలుగురు కౌన్సిలర్లు తెల్లారేసరికి ఇంకో పార్టీ కండువా కప్పుకున్నారు. వాళ్లను అటు నుంచి ఇటు తెచ్చిన నాయకుడి ఫొటో కింద 'అపర చాణక్యుడు' అని వేశారు. లోపలి పేజీలో అదే వార్తకు 'ఫలించిన చాణక్యం' అని ఇంకో శీర్షిక. టీ చల్లారిపోయేదాకా ఆ పేజీ వంకే చూస్తూ కూర్చున్నాను.

ఈ కాలమ్ చదివేవాళ్లకు నా పాత పట్టుదల తెలుసు. ఒక మనిషి పేరు మాటగా మారితే ఆ మనిషికి మనం బాకీ పడ్డట్టే అని ఎన్నోసార్లు రాశాను. భగీరథ ప్రయత్నం అన్నప్పుడు ఆకాశం నుంచి నీళ్లు దించిన పని గుర్తుండాలి. భీష్మ ప్రతిజ్ఞ అన్నప్పుడు వదులుకున్న రాజ్యం గుర్తుండాలి. చాణక్యం అన్నప్పుడు మాత్రం ఎవరికీ ఏదీ గుర్తుండదు. ఎత్తు వెయ్యడం, చీల్చడం, దించడం, అంతే. పీవీ నరసింహారావును అపర చాణక్యుడు అన్న రోజుల్లో ఆ మాటలో ఇంకా కొంత బరువుండేది. 1991లో చాలినంత మంది ఎంపీలు లేకుండా మొదలుపెట్టిన ప్రభుత్వాన్ని అయిదేళ్లూ నడిపించిన ఓపికకూ, ఆయన చదువుకూ కలిపి పెట్టిన పేరది. ఇప్పుడది కండువాల లెక్క అయిపోయింది. ఈ వారం సబెడిటర్లకు గట్టిగా చెప్పాల్సిందే అనుకుని, బల్ల మీద కాగితాలు పెట్టుకుని కూర్చున్నాను.

ముందు మాట సంగతి. చణకుడి కొడుకు చాణక్యుడని సంప్రదాయం. తెలుగు ఆ పేరు చివర సున్నా పెట్టి గుణవాచకం చేసుకుంది. చతురుడి నుంచి చాతుర్యం, పండితుడి నుంచి పాండిత్యం వచ్చినట్టే ఉంటుంది చెవికి. కానీ 'చణక' అనే గుణం ఎక్కడా లేదు. సంస్కృతంలో చణకమంటే శనగ. అంటే ఇక్కడ గుణం నుంచి పేరు రాలేదు, పేరే నేరుగా గుణమై కూర్చుంది. అలాంటి గౌరవం ఎంతమందికి దక్కింది?

ఆయన రెండో పేరు కథ దీనికి తలకిందులు. కౌటిల్యం అన్న మాట ముందే ఉంది. కుటిలం అంటే వంకర, ఆ వంకరతనం కౌటిల్యం. విశాఖదత్తుడు ముద్రారాక్షసంలో ఆ పేరునూ ఆ అర్థాన్నీ ముడిపెట్టి పెట్టాడు. ఆ ముడి ఇప్పటిదాకా ఊడలేదు. 1924-25లో తిరువనంతపురం నుంచి ఆయన పేరు మీదున్న అర్థశాస్త్రాన్ని వ్యాఖ్యతో అచ్చువేసిన గణపతిశాస్త్రి ఆ పేరు కౌటిల్యుడు కాదు, కౌటల్యుడు అన్నారు. కుటల గోత్రం వాడని అర్థం. మన పుల్లెల శ్రీరామచంద్రుడు గారు కూడా తన తెలుగు అనువాదానికి 'కౌటలీయం' అనే పేరు పెట్టారు. ఒక్క గుడి తీసేస్తే వంకర పోయి గోత్రం మిగులుతుంది. ఈ ముక్క చదివిన రోజు నాకు కలిగిన సంతోషం ఇంతా అంతా కాదు.

ఇంకో సంగతి. ఆ పేరును మనం వందల ఏళ్లుగా వాడుతున్నాం కానీ పుస్తకం చేతికొచ్చి నూటపాతికేళ్లు కూడా కాలేదు. తంజావూరు ప్రాంతం నుంచి ఒక పండితుడు గ్రంథ లిపిలో ఉన్న తాళపత్ర ప్రతిని మైసూరు ప్రాచ్య గ్రంథాలయానికి తెచ్చి ఇచ్చాడు. అదేమిటో 1905లో గుర్తుపట్టి, 1909లో అచ్చువేసినవాడు ఆ గ్రంథాలయంలో పనిచేసే రుద్రపట్నం శామశాస్త్రి. అప్పటిదాకా జనానికి తెలిసింది నాటకంలో జుట్టు విరబోసుకుని శపథం పట్టిన బ్రాహ్మణుడు, పిల్లలకు వల్లెవేయించే నీతి శ్లోకాలు. అసలు చంద్రగుప్తుడి మంత్రీ, ఈ గ్రంథకర్తా ఒకరేనా అన్నది వేరే తగాదా. ప్యాట్రిక్ ఒలివెల్ లాంటివాళ్లు గ్రంథాన్ని మౌర్యుల తరవాతి కాలానికి తెస్తారు. నాకు ఆ తగాదాతో పనిలేదు. మాట ఏ పేరు మీద నిలబడిందో ఆ పేరు మీదున్న పుస్తకం ఏం చెప్తుందన్నదే నాకు కావాల్సింది.

ఆ పుస్తకం గూఢచారులతో మొదలవదు, చదువుతో మొదలవుతుంది. రాజు నేర్చుకోవాల్సిన విద్యల్లో మొదట తర్కాన్ని, ఆన్వీక్షకిని నిలబెడతాడు. సాంఖ్యం, యోగం, లోకాయతం మూడూ అందులోవే అంటాడు. దేవుణ్ణి ఒప్పుకోని లోకాయతాన్ని కూడా కలుపుకున్నాడు, చూడండి. మిగతా విద్యలన్నిటికీ అది దీపమంటాడు. ఆ తరవాత రెండో అధికరణమంతా అధ్యక్షులే. ఉప్పుకు, కల్లుకు, ఏనుగులకు, ఆవులకు, వ్యవసాయానికి, తూనికలకు ఒక్కో అధ్యక్షుడు. ఉద్యోగులు ఖజానా సొమ్ము తినే దారులు నలభై అని లెక్కగట్టి పేరుపేరునా చెప్తాడు. నీళ్లలో తిరిగే చేప ఎప్పుడు నీళ్లు తాగిందో ఎవరికి తెలుస్తుందని అడుగుతాడు. ఇంత పని చేసినవాడి పేరును ఫిరాయింపులకు కట్టబెడతారా అని నా కోపం.

ఆ అధ్యక్షుల్లో ఒకడు సూత్రాధ్యక్షుడు, అంటే నూలు పని చూసేవాడు. ఆ అధ్యాయం తెరిచినప్పుడల్లా నేను చీరాల దగ్గర మా ఊరికి వెళ్లిపోతాను.

మా అమ్మమ్మ కండెలు చుట్టేది. షావుకారి కొట్లో నూలు చిలపలు కాటా వేసి ఇచ్చేవాళ్లు. ఇంటికి తెచ్చి రాట్నం మీద కండెలకు చుట్టి, శనివారం సాయంత్రానికి తిరిగి కొట్టుకు చేర్చాలి. మా నాన్న బొంబాయి మిల్లుకని వెళ్లి రెండేళ్లు ఉత్తరం రాయలేదు. అమ్మ గడప దాటేది కాదు. ఆమె చుట్టిన కండెలు కూడా అమ్మమ్మే గంపలో పెట్టుకుని మోసేది. నేను వెనకాల నడిచేదాన్ని.

కొట్టు వాకిట్లో అరుగు, అరుగు మీద వాలుబల్ల, దాని వెనక గుమస్తా. ఆడవాళ్లందరూ అరుగు కింద నిలబడాలి. నాలుగింటికి వెళితే లాంతరు వెలిగించేదాకా మా వంతు వచ్చేది కాదు. అతను కండెలు తూచి, పెదవి విరిచి, 'తరుగు' అనేవాడు. చిలపలు ఇచ్చేటప్పుడు నూలు చెమ్మగా ఉండేది. మేం వారం పాటు ఇంట్లో పెట్టుకుని చుట్టి ఇస్తే ఎండిపోయేది. ఆ చెమ్మ బరువు మా కూలిలోంచి పోయేది. ఆ తరవాత కబుర్లు. "ఏమ్మా, మీ అల్లుడు ఉత్తరం రాశాడా?" అందరూ వినేలా అడిగేవాడు. "ఇంకా లేదయ్యా" అని అమ్మమ్మ తల వంచుకునేది. పద్దులో ఏదో గీకి, "చిల్లర లేదు, సోమారం రా" అనేవాడు. సోమవారం వెళితే షావుకారు ఊళ్లో లేరనేవాడు. ఒక్కోసారి బుధవారం దాకా తిప్పేవాడు. ఇంట్లో బియ్యం డబ్బా అడుగు గీరిన చప్పుడు నాకిప్పటికీ వినబడుతుంది.

ఆ రోజుల్లోనే మా ఊరి టూరింగ్ టాకీసుకు 'చాణక్య చంద్రగుప్త' వచ్చింది. 1977లో రామారావు తీసిన సినిమా. చంద్రగుప్తుడు ఆయన, చాణక్యుడు నాగేశ్వరరావు. అమ్మమ్మ నన్ను తీసుకెళ్లింది. నేల టిక్కెట్టులో కూర్చుని, నాగేశ్వరరావు ఎత్తు పారినప్పుడల్లా అందరితోపాటు చప్పట్లు కొట్టింది. ఆ వారం నుంచీ గుమస్తాకు మా ఇంట్లో పేరు మారింది. "చాణక్యుడు ఇవాళ కూడా ఇయ్యలేదే" అనేది అమ్మమ్మ గంప దించుతూ.

ఇప్పుడు అర్థశాస్త్రం చూడండి. వితంతువులు, అవిటివాళ్లు, కన్నెలు, సన్యాసినులు, ముసలి దాసీలు, వీళ్లచేత నూలు వడికించాలి. గడప దాటని ఆడవాళ్లకు, మొగుడు దూరదేశం పోయినవాళ్లకు దాసీల చేత పని ఇంటికే పంపాలి, మర్యాదగా. నూలు సన్నమా, ముతకా, మధ్యరకమా చూసి కూలి కట్టాలి. బాగా వడికినవాళ్లకు తలకు నూనె, ఉసిరిక నలుగు ఇచ్చి మెచ్చుకోవాలి. పండగ రోజున పని చేయిస్తే వేరే బహుమానం ఇవ్వాలి. నూలుశాలకు తెల్లవారుజామునే వచ్చే ఆడవాళ్ల దగ్గర సరుకు తీసుకుని కూలి ఇచ్చేటప్పుడు దీపం నూలును చూడటానికే ఉండాలి. ఆ వెలుగులో ఆమె మొహం చూస్తే శిక్ష. పనికి సంబంధం లేని మాటలాడితే శిక్ష. రెంటికీ మొదటి సాహస దండం. కూలి ఆలస్యం చేస్తే అంతకంటే పెద్దదైన మధ్యమ సాహస దండం. అంటే 200 నుంచి 500 పణాలు. అదే గ్రంథంలో అట్టడుగు కొలువులకు కట్టిన జీతం ఏడాదికి 60 పణాలని గుర్తుపెట్టుకుంటే ఆ దెబ్బ ఎంతదో తెలుస్తుంది.

దీపం నూలు మీదే పడాలి, మొహం మీద పడకూడదు. ఈ ఒక్క నియమం రాయాలంటే రాసినవాడు ఏదో ఒక వేకువన ఆ వరసలో నిలబడ్డ ఆడవాళ్లను చూసి ఉండాలి. తర్కాన్ని దీపమన్న మనిషి చేతిలోని దీపమే ఇది అనిపించింది నాకు. మా గుమస్తా లాంతరు ఎవరి మొహం మీద పడేదో నాకు తెలుసు. అతను అడిగిన కబుర్లూ తెలుసు. ఈ గ్రంథం ప్రకారం అతను వారానికి రెండు నేరాలు చేశాడు. అలాంటివాడికి అమ్మమ్మ చాణక్యుడని పేరు పెట్టింది. ఆ పేరుగలవాడు ఆ గుమస్తా చేత జరిమానా కట్టించేవాడని ఆమెకు చెప్పేవాళ్లు లేకపోయారు. కాలమ్ ఇక్కడ ముగించి, సబెడిటర్లకూ ఇదే చెప్పి, మాటను దాని యజమానికి తిరిగి ఇప్పిద్దామనుకున్నాను.

పంపేముందు మధ్యమ సాహసం అంకె సరిచూద్దామని గురువారం రాత్రి పుస్తకం మళ్లీ తీశాను. కూలి ఆలస్యం చేసిన అధికారి శిక్ష ఉన్న చోటే, దాని వెంటనే, ఆడదాని శిక్ష కూడా ఉంది. ఇన్నేళ్లూ నేను దాన్ని దాటేసి చదివాను. కూలి తీసుకుని పని చెయ్యకపోయినా, ఇచ్చిన సరుకు వాడేసుకున్నా, దొంగిలించినా, పట్టుకుని పారిపోయినా బొటనవేలు తియ్యాలి. నూలు తరిగితే కూలి తగ్గించాలన్నదీ అక్కడే ఉంది. తరుగు అన్న మాట మా గుమస్తా పుట్టించింది కాదు.

అతనికి జరిమానా, ఆమెకు బొటనవేలు. కండె చుట్టేటప్పుడు దారం నడిచేది ఆ వేలి మీదే. అమ్మమ్మ కుడిచేతి బొటనవేలి మీద, గోరు పక్కన, సన్నటి గాడి ఉండేది. దారం ఏళ్లతరబడి కోసిన గాడి. చిన్నప్పుడు నా గోరు పెట్టి దాన్ని కొలిచేదాన్ని. దారపు వేగం ఎక్కువైందో తక్కువైందో ఆమె కళ్లతో కాదు, ఆ గాడితో చూసేది. అది పోతే నూలు పనే ఉండదు. అధికారి జరిమానా కట్టి మర్నాడు వచ్చి అదే అరుగు మీద కూర్చోవచ్చు.

ఇక అప్పుడు పదకొండో అధికరణం కూడా తియ్యక తప్పలేదు. సంఘాలను ఎలా విడగొట్టాలో చెప్పే భాగం అది. గణాలుగా పాలించుకునేవాళ్ల మధ్యకు చారులను పంపాలి. ఒకరి మీద ఒకరికి ఉన్న అసూయలు కనిపెట్టాలి. నీకు దక్కాల్సింది వాడికి దక్కిందని చెవిలో వెయ్యాలి. ఆడవాళ్లను ఎర వెయ్యాలి. విడిపోయినవాళ్లలో బలహీనుణ్ణి డబ్బుతో ఆదుకుని తనవైపు తిప్పుకోవాలి. మంగళవారం నాటి వార్తలో జరిగినవాటికీ దీనికీ పెద్ద తేడా ఏముంది? సబెడిటరు చదివి పెట్టాడో చదవకుండా పెట్టాడో కానీ, ఆ శీర్షికలో తప్పు లేదు. అతని మీద రాసుకున్న రెండు పేరాలు కొట్టేశాను.

అమ్మమ్మ మాటలోనూ తప్పు లేదు. దీపం నియమం రాసినవాడూ, వేలు తియ్యమన్నవాడూ ఆ పుస్తకంలో ఒకడే. రెండూ పక్కపక్క వాక్యాల్లో ఉన్నాయి. నేను ఇష్టపడ్డ వాక్యం దగ్గర ఆగిపోయాను. ఆమెకు పుస్తకం లేదు, అరుగు కింద నిలబడి చూసిన మనిషి ఉన్నాడు. నాగేశ్వరరావుకు చప్పట్లు కొట్టిన చేతులతోనే గంప మోసుకొచ్చి ఆ పేరు పెట్టింది. సినిమాలో ఎత్తులు నంద రాజుల మీద పారాయి, ఇక్కడ మా మీద పారుతున్నాయని ఆమెకు తేడా తెలుసు. పేపరువాడు పొగుడుతూ వాడిన మాటనే ఆమె ఒళ్లు మండి వాడింది. ఇద్దరూ ఒకే మనిషి గురించే మాట్లాడారు.

శనివారం రాత్రి కొట్టు నుంచి తిరిగొచ్చాక ఆమె గుడ్డిదీపం దగ్గర కూర్చుని బొటనవేలికి ఆముదం రాసుకునేది. గాడి మీద ఒక చుక్క వేసి, రెండో చేతి వేలితో మెల్లిగా లోపలికి పట్టించేది. ఆ ఆముదం మాత్రం మేం కొనుక్కున్నదే.