గాలే తిప్పే రెక్కలు

సికింద్రాబాద్ దగ్గరి హకీంపేట వైమానిక స్థావరం చుట్టుపక్కల ఉండేవాళ్లకు చేతక్ హెలికాప్టర్ల చప్పుడు కొత్త కాదు. 1962లో అలహాబాద్‌లో మొదలైన వాయుసేన హెలికాప్టర్ శిక్షణ పాఠశాల ఇప్పుడు నడుస్తున్నది అక్కడే. హెలికాప్టర్ పైలట్ కాబోయే ప్రతి ఒక్కరూ తప్పక నేర్వాల్సిన విద్య ఒకటుంది. దాని పేరు ఆటోరొటేషన్. ఇంజను శక్తి లేనప్పుడు, కిందినుంచి ఎదురొచ్చే గాలితోనే రెక్కలను తిప్పుకుంటూ క్షేమంగా నేలకు దిగడం. హెలికాప్టర్‌కు అది ఆపద్ధర్మం. ఆటోగైరోకు అదే నిత్యధర్మం.

ఒక్క మనిషి కూర్చునే ఆటోగైరోను చూడగానే బుల్లి హెలికాప్టర్ అనుకుంటాం. కానీ ఎగిరేటప్పుడు దాని నెత్తిమీది రోటరుకూ ఇంజనుకూ సంబంధమే ఉండదు. సీటు వెనకున్న ఇంజను ప్రొపెల్లరును తిప్పి బండిని ముందుకు తోస్తుంది, అంతే. రోటరు కొద్దిగా వెనక్కి వాలి ఉంటుంది కనుక గాలి కిందినుంచి దూసుకుపోతూ దాన్ని తిప్పుతుంది. తాటాకు పంకాను పుల్లకు గుచ్చుకుని పిల్లలు పరుగెత్తితే అది తిరిగినట్టే. ఇంజను ఆగినా రెక్కలు ఆగవు. తగినంత ఎత్తు, వేగం ఉంటే బండి మెల్లగా దిగివస్తుంది.

ఈ ఊహ స్పెయిన్ ఇంజనీరు హువాన్ దె లా సియెర్వాది. 1919లో తాను రూపొందించిన మూడింజన్ల విమానం గాలిలో వేగం కోల్పోయి కూలిపోయింది. వేగం తగ్గినా పడిపోని రెక్క కావాలని ఆయన పట్టుబట్టాడు. తొలి ప్రయత్నాలు పక్కకు ఒరిగిపోయాయి. రోటరు తిరుగుతున్నప్పుడు గాలికి ఎదురెళ్లే రెక్క ఎక్కువ బరువు ఎత్తుతుంది, వెనక్కి మళ్లే రెక్క తక్కువ ఎత్తుతుంది. సియెర్వా రెక్క మొదట్లో ఒక కీలు పెట్టి దాన్ని పైకీ కిందికీ ఊగనిచ్చాడు. తేడా సర్దుకుంది. 1923 జనవరిలో మాడ్రిడ్ దగ్గర ఆయన సి.4 ఎగిరింది. తర్వాత వచ్చిన హెలికాప్టర్లకూ ఆ కీలు దారి చూపింది.

ఆటోగైరోను ఇంటి వర్క్‌షాపుకు తెచ్చినవాడు ఇగోర్ బెన్సెన్. రష్యాలో పుట్టి అమెరికాలో స్థిరపడిన ఆయన 1955లో గైరోకాప్టర్ అనే తన ఆటోగైరోను ఎగరేసి, నక్షాలూ కిట్లూ అమ్మడం మొదలుపెట్టాడు. 1982లో అమెరికా ప్రభుత్వం తెచ్చిన నిబంధన ప్రకారం ఖాళీ బరువు 115 కిలోల లోపు, ఇంధనం 19 లీటర్ల లోపు ఉండే ఒంటి సీటు బండికి అక్కడ పైలట్ లైసెన్సు కూడా అక్కర్లేదు.

కిట్ అంటే బోల్టులు బిగించడమే అనుకుంటే పొరపాటు. ఈ సంప్రదాయంలోని అసలు విద్య సరిచూసుకోవడంలో ఉంది. చదరపు అల్యూమినియం గొట్టాలకు వేసిన ప్రతి రంధ్రం అంచునూ నునుపు చేస్తారు, పగులు మొదలయ్యేది అక్కడే గనుక. కదిలే కీళ్ల దగ్గర మామూలు నట్టును నమ్మరు, స్ప్లిట్ పిన్ పట్టే కాజిల్ నట్టు వేస్తారు. రెండు రెక్కల కొసలకూ సరిగ్గా ఒకే చోట గుర్తు పెట్టి దారం లాగుతారు. అది రెక్కలు కలిసే హబ్ నడిమధ్యగా పోవాలి. వెంట్రుకవాసి తప్పినా గాలిలో బండిని నడిపే స్టిక్ చేతిని కుదిపేస్తుంది. ఆ తర్వాత వేలాడదీసే పరీక్ష. పైలట్‌ను కూర్చోబెట్టి, మొత్తం బండిని రోటరు బోల్టు దగ్గర పట్టి పైకెత్తుతారు. ముక్కు ఎంత వాలిందో కొలిచి, రూపకర్త చెప్పిన కోణంతో పోలుస్తారు. తేడా వస్తే సీటో, రోటరును మోసే మాస్టో జరపాల్సిందే. రానివ్వకూడని తప్పులన్నీ నేలమీదే పట్టుకునే ఈ ఓపిక నాకు ఎగరడం కన్నా గొప్పగా కనిపిస్తుంది.

నడిపే పద్ధతిలోనూ ఇలాంటి నియమమే ఉంది: రోటరు మీద బరువు ఎప్పుడూ ఉండాలి. నిమిషానికి 300, 400 చుట్లు తిరిగే రెక్కలను నిలబెడుతున్నది ఆ బరువూ గాలీ కలిసే. స్టిక్‌ను ఒక్కసారిగా ముందుకు నెడితే బరువు తేలిపోతుంది, చుట్లు పడిపోతాయి. ఇంజనుతో సంబంధం లేదు కాబట్టి ఎంత యాక్సిలరేటర్ ఇచ్చినా అవి తిరిగి రావు. ప్రొపెల్లరు తోసే గీత బండి బరువు కేంద్రానికి పైన ఉంటే ఆ క్షణంలో ఇంజనే బండిని ముక్కు మీదికి తిప్పేస్తుంది. విమానాలు బాగా నడపగలిగినవాళ్లు కూడా, చేతికి అలవాటైన ఆ ముందు తోపు వల్ల ఆటోగైరోల్లో ప్రాణాలు పోగొట్టుకున్నారు. తోకకు తగినంత అడ్డరెక్క లేని పాత నమూనా ఎంత చవగ్గా దొరికినా తీసుకోకూడదు. ఈ విషయంలో నాకు రెండో మాట లేదు.

సికింద్రాబాద్‌లో ఆటోగైరో ఎగరేయాలంటే ఇంకో లెక్క వేసుకోవాలి. బేగంపేట రన్‌వే సముద్రమట్టానికి 531 మీటర్ల ఎత్తున ఉంది. మే నెలలో ఎండ 40 డిగ్రీలు దాటితే గాలి పలచబడి, బండికి సుమారు 1,500 మీటర్ల ఎత్తున ఉన్నట్టే ఉంటుంది. ఇంజను బలం తగ్గుతుంది, పరుగు పొడవవుతుంది. సముద్రతీరంలో రాసిన లెక్కలు ఇక్కడ చెల్లవు. పైగా మన తలమీది ఆకాశం హకీంపేట, బేగంపేట, దుండిగల్ స్థావరాల మధ్యది. అమెరికాలోలా కిట్ కొని పొలంలోంచి లేవడానికి మన చట్టం ఒప్పదు. నమోదు, అనుమతి, లైసెన్సు అన్నీ పౌర విమానయాన నియంత్రణ సంస్థ డీజీసీఏ నుంచి పొందాలి. ఆ కట్టడి సబబే.

ఎగరడానికి అడ్డున్నా నేర్వడానికి అడ్డేముంది? రాణిగంజ్ దుకాణాల్లో అల్యూమినియం గొట్టాలు, బేరింగులు, బోల్టులు దొరుకుతాయి. మనిషి ఎక్కి ఎగిరే బండికి విమాన శ్రేణి బోల్టులే వాడాలి గానీ, నేలమీద నిలిపే నమూనా చట్రానికి ఇవి సరిపోతాయి. జంటనగరాల ఇంజనీరింగ్ కళాశాలలకు నా విన్నపం ఒకటే. చివరి ఏడాది ప్రాజెక్టుగా ఒక ఆటోగైరో చట్రం కట్టించండి, దారం పరీక్ష, వేలాడదీసే పరీక్ష పిల్లల చేతే చేయించండి. ఎగరాలనే కోరిక ఉన్నవాళ్లు మాత్రం ఒంటి సీటు బండి ఎక్కే ముందు, రెండు సీట్ల ఆటోగైరోలో గురువు పక్కన కూర్చుని పూర్తిగా నేర్చుకోండి.