ఇరవై గొంతుల్లో ఒదిగిన పాట: రామదాసు కీర్తన కట్టుబడి

శ్రీరామనవమి నాడు తలంబ్రాల సందడి సద్దుమణిగి, పొద్దు గూకి, ఊరు అన్నాలు తిన్నాక సిద్దిపేట చుట్టుపక్కల పల్లెల్లో భజన మొదలవుతుంది. హనుమాండ్ల గుడి ముందు జంపఖానా పరుస్తారు. నడుమ హార్మోనియం, దాని పక్కన తబలానో డోలకో, చుట్టూ చిరుతలు పట్టినవాళ్ళు. చిరుతలంటే చేతిలో ఇమిడే రెండు చెక్కలు, వాటి సందుల్లో ఇత్తడి బిళ్ళలు. ఆ రెండింటినీ ఒకే చేతి వేళ్ళ నడుమ ఇరికించి ఆడిస్తే చెక్క దెబ్బ, బిళ్ళల గలగల ఒక్కసారే వినిపిస్తాయి. ముందు పాటగాడు చరణం ఎత్తుకుంటాడు. చివరి మాట దగ్గర గొంతు తగ్గిస్తాడు. ఆ మాటను ఇరవై గొంతులు అందుకుంటాయి.

ఆ ఇరవై మందిలో అక్షరం రానివాళ్ళుంటారు. గురువు దగ్గర సరళీ స్వరాలు నేర్చినవాళ్ళు వెతికినా దొరకరు. అయినా తాళం తప్పదు, మాట పోదు. ఇది వాళ్ళ భక్తి బలమని అంటాం. నిజమే. కానీ ఆ పాటను అలా కట్టిన వాగ్గేయకారుడి పనితనం కూడా ఉంది. దాని గురించి మనం చాలా తక్కువ మాట్లాడుకున్నాం.

వాక్కు, గేయం రెండూ తనవే అయినవాడు వాగ్గేయకారుడు. మాట ఒకరిది, వరుస ఒకరిది కాదు. తెలుగులో ఆ కోవకు చెందిన పెద్దలు ఎందరో. వాళ్ళ పాటలు మన దాకా వచ్చిన దారులు మాత్రం వేరువేరు.

తాళ్ళపాక అన్నమయ్యది (1408–1503) రాగి దారి. ఆయన ముప్పై రెండు వేల సంకీర్తనలు రాశాడని ప్రతీతి. వాటిని రాగిరేకుల మీద చెక్కించి తిరుమల సంకీర్తన భాండారంలో దాచారు. 1922లో ఆ రేకులు వెలుగు చూశాయి. వాటి మీద సాహిత్యం ఉంది, రాగం పేరు ఉంది. స్వరం మాత్రం లేదు. రాళ్ళపల్లి అనంతకృష్ణశర్మ వంటి విద్వాంసులు మళ్ళీ వరుసలు కట్టాకే ఆ మాట పాటైంది. త్యాగయ్యది (1767–1847) శిష్యుల దారి. వాలాజాపేట, ఉమయాళ్‌పురం, తిల్లైస్థానం శిష్యులు ఆయన కృతులను నేర్చి, రాసి, తమ శిష్యులకు అందించారు.

రామదాసుకు రాగిరేకుల్లేవు. అటువంటి శిష్యవర్గమూ లేదు. ఆయనది జనం గొంతుల దారి.

ఖమ్మం సీమ నేలకొండపల్లిలో కంచర్ల గోపన్నగా పుట్టిన రామదాసు గోల్కొండ కొలువులో తహసీల్దారు. మంత్రులు అక్కన్న, మాదన్న ఆయనకు మేనమామలు. 1672లో గద్దెనెక్కిన అబుల్ హసన్ తానీషా కాలంలో ఆయన పాల్వంచ పరగణా శిస్తు వసూలు చూసేవాడు. ఆ సొమ్ముతో భద్రాచలంలో గుడి కట్టించాడన్న నేరం మీద గోల్కొండ కోటలో బందీ అయ్యాడు. పన్నెండేళ్ళు చెరలో ఉన్నాడని చెబుతారు. రామలక్ష్మణులే తానీషాకు కనిపించి ఆరు లక్షల మొహరీలు చెల్లించి విడిపించారన్న కథ తెలుగునాట అందరికీ తెలుసు. ఇవాళ కోట చూడబోయిన ప్రతివాళ్ళూ రామదాసు బందిఖానా ముందు ఓ నిమిషం నిలబడతారు.

ఈ జీవితం ఆయన పాట కట్టుబడిలోకి ఎలా వచ్చిందో చూడాలంటే ‘ఇక్ష్వాకు కుల తిలకా’ కీర్తన చాలు. అందులో గోపన్న రాముడికి లెక్క చెబుతున్నాడు. గుడి చుట్టూ ప్రాకారం కట్టించాను, ఇంత అయింది. భరతుడికి పచ్చల పతకం చేయించాను, ఇంత అయింది. శత్రుఘ్నుడికి మొలతాడు, లక్ష్మణుడికి ముత్యాల పతకం, సీతమ్మకు చింతాకు పతకం. ఒక పాదంలో వస్తువు, మరుసటి పాదంలో ఖర్చు. తహసీల్దారు జమాఖర్చు పుస్తకం ఎలా ఉంటుందో పాట అచ్చం అలాగే నడుస్తుంది. ఉద్యోగంలో అలవాటైన లెక్కే చెరలో పాటకు అచ్చైంది. ఆ లెక్క చెబుతూ చెబుతూ కోపం పెరిగి రాముణ్ణి తిడతాడు. ఆ వెంటనే, దెబ్బలకు ఓర్వలేక తిట్టానయ్యా, మనసులో పెట్టుకోకని వేడుకుంటాడు. తెలుగు పాటలో ఇంత నిజమైన మనిషి గొంతు అరుదు.

ఇప్పుడు దాని పనితనం చూడండి. ప్రతి పాదం చివరా రాముడి పిలుపు ఒకటే. వస్తువు మారుతుంది, పిలుపు మారదు. ముందు పాటగాడికి చరణాలన్నీ నోటికి రావాలి. చుట్టూ ఉన్నవాళ్ళకు ఆ ఒక్క పిలుపు వస్తే చాలు. పాట రానివాడు కూడా రెండో పాదానికల్లా పాటలో ఉంటాడు, నాలుగో పాదానికి వరుస పట్టేస్తాడు. పది నవములు అలా గడిచాయంటే చరణాలూ వచ్చేస్తాయి. అంటే ఆ పాట పాడించుకుంటూనే నేర్పుతుంది, దానికి వేరే బడి అక్కర్లేదు. మన సిద్దిపేట గొల్లభామ చీర అంచు చూసినవాళ్ళకు ఇది తేలిగ్గా అర్థమవుతుంది. తలమీద కుండతో ఉన్న అదే గొల్లభామ అంచు పొడవునా మళ్ళీ మళ్ళీ వస్తుంది కాబట్టే చీర ఎటు మడతపెట్టినా కన్ను ఆమెను పోల్చుకుంటుంది.

రెండో పనితనం నుడికారం. ‘పలుకే బంగారమాయెనా’ కీర్తనలో ఆయన కొత్త అలంకారమేదీ వెతకలేదు. పిలిచినా పలకని చుట్టాన్ని ఇంట్లోవాళ్ళు నిష్ఠూరమాడే మాటనే పల్లవి చేసి, రాముడి మీదికి తిప్పాడు. అందులో ఇసుకలో పొర్లిన ఉడుతా వస్తుంది, రాయి ఆడదైన కథా వస్తుంది. ఇవన్నీ పురాణం వినే ప్రతి ఇంటికీ తెలిసినవే. విన్నవాడు అర్థం కోసం ఆగనక్కర్లేదు. ఆనందభైరవిలో ఆ పల్లవి సాగుతుంటే నిష్ఠూరం, ముద్దు రెండూ కలిసి వినిపిస్తాయి.

మూడోది ప్రాస. పాదంలో రెండో అక్షరం ఒకటే కావడం: గుడి, ముడి, తడి అన్నట్టు. పండితుడికి అది ఛందస్సు, పాడేవాడికి జ్ఞాపకానికి కొక్కెం. మొదటి పాదం దొరికితే రెండో పాదం దానంతటదే నాలుక మీదికొస్తుంది. చివరి చరణంలో ముద్ర ఉండనే ఉంది. క్షేత్రయ్యకు మువ్వగోపాలుడు ఎలాగో, గోపన్నకు భద్రాచల రామదాసన్న మాట అలాగ. ఆ పేరు వినగానే పాట ముగింపుకొచ్చిందని తబలా వాయించే చేతికి తెలిసిపోతుంది, మంగళహారతి పళ్ళెం సిద్ధమవుతుంది.

ఇలా ఒకరు ఎత్తుకోవడం, పదిమంది అందుకోవడం ఈ నేలకు కొత్త కాదు. సంక్రాంతి తర్వాతి ఆదివారం మొదలై ఉగాది దాకా సాగే కొమురవెల్లి మల్లన్న జాతరకు వెళ్ళండి. ఒగ్గు పూజారి కథ ఎత్తుకుంటాడు, వంతగాడు అందుకుంటాడు, డోలు దాన్ని ముందుకు తోస్తుంది. మల్లన్న కథ, బలిజ మేడలమ్మ, గొల్ల కేతమ్మల ముచ్చట ఆ ఇచ్చిపుచ్చుకోవడంలోనే బతికింది. అక్కడి దైవం వేరు, వాయిద్యం వేరు. పాటను పదిమందికి పంచే పద్ధతి మాత్రం ఒకటే. వంత పాడటం వచ్చిన ఊళ్ళకు రామదాసు కీర్తన పరాయిదిగా ఎలా తోస్తుంది? అది వచ్చి మన పద్ధతిలోనే కూర్చుంది.

ఆ దారి ఆయనతో ఆగలేదు. రాకమచర్ల వేంకటదాసు, మన్యంకొండ హనుమద్దాసు, యాదగిరి నరసింహుణ్ణి కీర్తించిన ఈగ బుచ్చిదాసు. పేరు చివర ఆ ‘దాసు’ అన్న మాట చూస్తేనే ఎవరి అడుగుజాడో తెలుస్తుంది. తమిళ దేశంలో కావేరి ఒడ్డున కూర్చున్న త్యాగయ్య కూడా రామదాసును పేరు పెట్టి తలచుకున్నాడు. గమకాలు, సంగతులు నిండిన పెద్ద కృతులు కట్టిన ఆ మహానుభావుడే పదిమంది కలిసి పాడుకునేందుకు దివ్యనామ కీర్తనలూ కట్టాడు. కచేరీకి ఒక కట్టుబడి, భజనకు ఒక కట్టుబడి అవసరమని ఆయనకు తెలుసు. మనమే భజన పాటను చిన్నచూపు చూశాం.

మంగళంపల్లి బాలమురళీకృష్ణ పాడాక రామదాసు కీర్తనలు రేడియోలోకి, కచేరీల్లోకి, పట్నం ఇళ్ళలోకి వచ్చాయి. అది గొప్ప మేలు. కానీ ఊరి భజనలో వినిపించే వరుస చాలాసార్లు ఆ వరుస కాదు. ఊరు మారితే వరుస మారుతుంది, నడక మారుతుంది, ఒక్కోచోట చరణమూ మారుతుంది. వాటిలో ఏది అసలుదని తేల్చడం మన పని కాదు. అవన్నీ మూడున్నర శతాబ్దాలు ఆ పాటను మోసుకొచ్చిన చేతుల గుర్తులు. వాటికి రాగిరేకులు లేవు. ముందు పాటగాడు పోతే ఆ ఊరి వరుస ఆయనతోనే పోతుంది.

అందుకే ఒక మనవి. మీ ఊళ్ళో హార్మోనియం ముందు కూర్చునే పెద్దాయన ఉంటే, ఈ శ్రీరామనవమికి వెళ్ళి ఆయన పాడేవన్నీ ఫోనులో రికార్డు చేయండి. పాట పక్కన ఊరి పేరు, ఆయన ఎవరి దగ్గర నేర్చుకున్నాడో రాసి పెట్టండి. పిల్లల్ని వెంట తీసుకెళ్ళి జంపఖానా మీద కూర్చోబెట్టండి, చేతికి ఒక జత చిరుతలు ఇవ్వండి. పాదం చివర ఆ పిలుపు వచ్చినప్పుడు మీరూ అందుకోండి. గోపన్న ఆ చోటు మీకోసమే వదిలిపెట్టాడు.