కాగితపు యంత్రములకు ప్రాణమెక్కడిది?

కాగితపు పక్షి రెక్కలు విదిల్చి యెగురుట, కాగితపు సేవకుడు పిలిచినంతనే వచ్చి నిలుచుట మొదలగు వింతలు అద్భుతకథలలో కానవచ్చుచుండును. ఇట్టి కథలు పిల్లల బుద్ధిని చెరుచునని కొందరు పెద్దలు తలంతురు. మాకది సమ్మతము కాదు. కల్పన యగుటయే దోషము కానేరదు. ఏ కల్పన బుద్ధిని పెంచును, ఏది కుంచించును అనునదియే విచారింపదగిన విషయము.

మన భాషలో యంత్రమను మాటకు రెండర్థములు కలవు. గానుగయు యంత్రమే, నేతమరయు యంత్రమే. రాగిరేకుమీదనో కాగితముమీదనో గీతలు గీసి, బీజాక్షరములు వ్రాసి, పూజించి, తాయెత్తులో నుంచి మెడకు గట్టునదియు యంత్రమే. ఈ రెండవదానికి ప్రాణప్రతిష్ఠ చేసితిమని కూడ చెప్పుదురు. కావున ప్రాణముగల కాగితపు యంత్రము మనకు క్రొత్త కాదు. మన యిండ్లలో నది యుండనే యున్నది. అయితే కథగా గాక, సత్యముగా నున్నది. చిక్కంతయు నిచ్చటనే.

పూర్వకథకులు ఈ రెండింటి భేదమును చక్కగా నెఱిగినవారు. సోమదేవుని కథాసరిత్సాగరము పదునొకండవ శతాబ్దమునాటిది. అందు మయాసురుని కూతురగు సోమప్రభ తన చెలి కళింగసేనకు బుట్టనిండ కొయ్యబొమ్మలు తెచ్చి చూపును. కీలు తాకినంతనే యొకటి యెగిరిపోయి పూలదండ తెచ్చును, ఒకటి నీరు తెచ్చును, ఒకటి నాట్యమాడును, ఒకటి మాటలాడును. చెలి యాశ్చర్యపడగా సోమప్రభ దేవతామహిమయని చెప్పి మభ్యపెట్టదు. ఇవి తన తండ్రి నిర్మించినవనియు, యంత్రములు పంచభూతములనుబట్టి పలువిధములనియు వివరించును. వింతకు వెనుక నొక శిల్పి యున్నాడు. కీలు నేర్వదగిన విద్య. ఈ కథలోని గొప్పతన మదియే.

సంస్కృత పంచతంత్రపు పాఠములలో నొకదానియందు ఇందుకు మారుగా నొక సాలెవాని కథ కలదు. వాడు వడ్రంగి మిత్రుడు చేసియిచ్చిన కొయ్యగరుడు నెక్కి, తానే విష్ణువునని రాజకన్యను నమ్మించును. కొయ్య యదియే, కీలు నదియే. కాని కీలును దాచినంతనే శిల్పము మోసమైనది. రాజును, రాణియు, పురజనులును మ్రొక్కుటకు సిద్ధపడిరే గాని, ఆ పక్షి యెట్లెగురుచున్నదని యొక్కరును అడుగలేదు. తాయెత్తు నమ్మువారిపై నింతకంటె సూటియైన పరిహాసము మేమెఱుగము.

మన తెలుగువారికి ఈ వస్తువు ప్రియమైనదనుటకు 1949లో మీర్జాపురము రాజావారి దర్శకత్వమున వెలువడిన కీలుగుఱ్ఱము చలనచిత్రమే తార్కాణము. అందు నటించిన అక్కినేని నాగేశ్వరరావుగారును, సంగీతము కూర్చిన ఘంటసాల వేంకటేశ్వరరావుగారును గుడివాడ ప్రాంతమున జన్మించినవారే. అందలి రాక్షసులను, మాయలను మేము మెచ్చము. గుఱ్ఱమునకు కీలుగుఱ్ఱమని పేరుండుటను మాత్రము మెచ్చుదుము. కీలున్నదని పేరే చెప్పుచున్నది గదా!

ఇక కాగితము మాట. అమెరికా రచయిత ఫ్రాంక్ బామ్ తన ఓజ్ కథలలో నొకదానియందు, 1910లో, ప్రాణముగల కాగితముతో కత్తిరించిన బొమ్మల గ్రామమును వర్ణించెను. ఆ గ్రామముచుట్టును ఎత్తయిన గోడ. లోనికి వచ్చువారు గాలి రేగకుండ మెల్లగా నడువవలెను. అతిథులలో నొకడు తుమ్మగా జనమంతయు నేలగూలును! నవ్వు పుట్టించు నీ ఘట్టమున గొప్ప కళాధర్మ మిమిడియున్నది. కాగితమునకు ప్రాణము వచ్చినను కాగితపు స్వభావము పోలేదు. అది గాలికి తూలును, నీట నానును, నిప్పున కాలును. కథకుడు వస్తువునకు ప్రాణ మీయవచ్చును గాని దాని ధర్మమును హరింపరాదు. ఆ నియమమును తప్పిన కథ పిల్లలకును చప్పగా నుండును. ఏదైనను జరుగగల లోకమున దేనికిని విలువ యుండదు.

తాయెత్తులోని కాగిత మీ నియమమునకే లోబడదు. తాను తడిసిన చినుగునది, మనుష్యుని వరదనుండి కాపాడునట! దివిసీమవారికి నీటి బలమును మేము చెప్పబనిలేదు. 1977 నవంబరు 19వ తేదీ నాటి యుప్పెనలో వేలకొలది జనులు మడిసిరి. వారికి కొఱవడినది రక్షరేకు కాదు. వేళకు అందదగిన హెచ్చరికయు, ఎక్కి నిలువదగిన గట్టి కట్టడమును కొఱవడినవి. పిమ్మట తీరగ్రామములలో కట్టిన తుఫాను రక్షణభవనములు నిజమైన రక్షాయంత్రములు. అవనిగడ్డకు చేరువనున్న పులిగడ్డ అక్విడెక్టును చూడుడు. కృష్ణ పాయ క్రింద పాఱుచుండ, పైని కాలువనీరు దానిని దాటి దివిసీమ పొలములకు పోవుచున్నది. నదిమీద కాలువ నడచుట యే కథకుని కల్పనకు తీసిపోవును? అదియు మొదట కాగితముమీద గీతలుగానే పుట్టినది. ఆ గీతలకు ప్రాణము పోసినది గణితమును, కూలివాని చెమటయును.

కావున తల్లిదండ్రులకు మా మనవి యొక్కటియే. కాగితపు పక్షి కథను పిల్లలకు నిరభ్యంతరముగా చదివి వినిపింపుడు. ముగిసిన వెనుక, దీని నెవరు చేసిరి, ఎట్లు కదలుచున్నది, వానలో తడిసిన నేమగునని వారిచేతనే యడిగింపుడు. మంచి కథ యీ ప్రశ్నలకు వెఱవదు. ఆ ప్రశ్నలకు అలవడిన బిడ్డ రేపు తన మెడలోని తాయెత్తును కూడ అవియే యడుగును. అప్పుడు పెద్దలు కోపింపక నిజమైన యుత్తర మీయవలయును.