రేవు మాటలో పాట

అర్థం తెలియని పాట వినడమెందుకు అని సణిగే మిత్రులకు నేను ఎప్పుడూ అప్పగించే ఆల్బమ్ ఒకటుంది. ఇటలీ గాయకుడు, రచయిత ఫాబ్రిజియో దే ఆంద్రే 1984లో తెచ్చిన 'క్రోజా ద మా'. మనకేమిటి, సాటి ఇటలీవాళ్లలోనే చాలామందికి అది అర్థం కాలేదు. మొత్తం జెనోవా రేవు మాటలో ఉంటుంది మరి!

ఆయన ఆ ఊళ్లోనే 1940లో కలిగిన ఇంట పుట్టాడు. లా చదువుతూ పాటలు కట్టేవాడు. 'మరినెల్లా' పాటను 1967లో ఇటలీ గాయని మీనా పాడాక రాయల్టీ డబ్బులొచ్చాయి, లా చదువు అటకెక్కింది. వేదికంటే బెరుకు. 1975 దాకా కచేరీల జోలికే పోలేదు. రాసిందంతా వేశ్యల గురించి, తాగుబోతుల గురించి, ఉరికంబమెక్కినవాళ్ల గురించి. 1979లో సార్డీనియాలో ఆయన్నీ, సహచరి దోరీ గెజ్జినీ ఎత్తుకెళ్లి దాదాపు నాలుగు నెలలు కొండల్లో దాచారు. తండ్రి డబ్బు కట్టి విడిపించాడు. కాపలా కాసినవాళ్లను దే ఆంద్రే క్షమించాడు, పథకం వేసిన పెద్దమనుషులను మాత్రం క్షమించలేదు. మనిషి లెక్క అది.

ఇటాలియన్‌లో అంత పేరు తెచ్చుకున్నాక దాన్ని పక్కనపెట్టి సొంతూరి భాషకు రావడానికి గుండె కావాలి. సంగీతం మౌరో పగానిది. ఊద్, బుజుకి, సాజ్ లాంటి మధ్యధరా తీరపు వాద్యాలు తెచ్చాడు. ఆ మోతకు నావికుల నోట నలిగిన జెనోవా మాటే సరిపడింది. మొదటి పాట చివర చేపల బజారు ఆడవాళ్ల కేకలు వినిపిస్తాయి. స్టూడియోలో నటించినవి కావు, జెనోవా బజారులోనే రికార్డు చేసినవి. నాకైతే పాటంతా ఆ కేకల్లోనే ఉందనిపిస్తుంది.

అదే ఆల్బమ్‌లోని 'సిదూన్' పాట సంగతి వేరు. ముందు అప్పటి అమెరికా అధ్యక్షుడు రీగన్, ఇజ్రాయెల్ నేత షరోన్ గొంతులు వస్తాయి. తర్వాత లెబనాన్‌లో ట్యాంకు కింద నలిగిన బిడ్డను చేతుల్లో పట్టుకున్న తండ్రి పాడతాడు. గొంతు ఎక్కడా పెంచడు. మన సినిమా పాటల్లో ఏడుపు సన్నివేశమంటే వయొలిన్లన్నీ ఒక్కసారిగా మీద పడతాయి కదా, ఇక్కడ ఆ ఊసే లేదు.

ఆ తర్వాత ఆయన చేసిన స్టూడియో ఆల్బమ్‌లు రెండే: 1990లో ఒకటి, 1996లో ఒకటి. 1999 జనవరిలో మిలాన్‌లో పోయాడు. కొత్తగా వినేవాళ్లు 'సిదూన్'తో మొదలుపెట్టండి. మొదటిసారి మాత్రం సాహిత్యం వెతక్కండి.